వ్రేలిముద్రయు విక్రయపత్రమును



నగలపెట్టెను నెలకొకమాఱైనను తెఱచి చూచుకొనని ఇల్లాలు లేదు. ఆ పెట్టె యడుగుననే మడతలుపెట్టి యుంచిన దస్తావేజులను విప్పి చదువుకొను ఇల్లాండ్రు మాత్రము మిక్కిలి తక్కువ. నగ పోయినచో మఱియొకటి చేయించుకొనవచ్చును. మన పేరిట మనమెఱుగని పత్రమొకటి ఎక్కడనో పుట్టినచో, నిలువనీడయు దున్నుకొను పొలమును గూడ పోవును. ఆస్తివ్యాజ్యములలో "ఈ సంతకము నాది కాదు", "ఈ వ్రేలిముద్ర మాయమ్మది కాదు" అని మొఱపెట్టుకొను స్త్రీలు మన జిల్లాలలో తక్కువగా లేరు. అట్టి మొఱను న్యాయస్థానము ఎట్లు పరీక్షించును? శాస్త్రజ్ఞుడు అందులకేమి సాయము చేయగలడు, ఏమి చేయజాలడు? ఈ మాసము ఈ సంగతిని భద్రాచలపు అడవిసీమను ముందుంచుకొని విచారింతము. పత్రము యొక్క తేదీకిని, స్థలమునకును అక్కడ గల ప్రాముఖ్యము మఱెక్కడను లేదు.

గోదావరికి ఎడమగట్టునగల భద్రాచలము తాలూకా 1860లో నిజాము ప్రభుత్వమునుండి ఇంగ్లీషువారికి సంక్రమించినది. 1874లో అది మద్రాసు రాజధానిలోని గోదావరి జిల్లాలో జేరినది. కుడిగట్టునగల బూర్గంపహాడు, పాల్వంచ ప్రాంతములు నిజాము రాజ్యములోనే యుండెను. ఏరు ఒక్కటే, ఈవలిగట్టున ఒక ప్రభుత్వపు స్టాంపుకాగితము, ఒక నాణెము, ఆవలిగట్టున వేఱొక స్టాంపుకాగితము, వేఱొక నాణెము. 1953 అక్టోబరు 1వ తేదీన వరంగల్లు జిల్లానుండి విడదీసి ఖమ్మము జిల్లాను ఏర్పఱచిరి. తూర్పుగోదావరి జిల్లాలోనున్న భద్రాచలమును 1959లో దానికి జేర్చిరి. 2014లో రాష్ట్రవిభజన జరిగినప్పుడు ఏటి ఇరువైపులనుగల పలు మండలములు ఆంధ్రప్రదేశమునకు పోగా, భద్రాచలపు పట్టణము తెలంగాణములో నిలిచినది. 2016 అక్టోబరు 11వ తేదీన భద్రాద్రి కొత్తగూడెము జిల్లా పుట్టినది. ఈ తేదీలను మనస్సులో నుంచుకొనుడు. ఇవియే దొంగపత్రమును పట్టియిచ్చు సాక్షులని ముందు తెలియగలదు.

ఈ సీమలో కోయలు, కొండరెడ్లు మొదలగు గిరిజనుల భూములను కాపాడుటకు చట్టములు చిరకాలముగా గలవు. మద్రాసు రాజధానిలో 1917 నాటి ఏజెన్సీ భూముల చట్టము, ఏజెంటుగారి యనుమతి లేక కొండజాతివాడు తన భూమిని ఇతరులకు అమ్మిన ఆ యమ్మకము చెల్లదని చెప్పెను. పిదప 1959 నాటి మొదటి రెగ్యులేషను వచ్చినది. దానిని 1963లో తెలంగాణ ప్రాంతమునకు విస్తరించిరి. 1970 ఫిబ్రవరి 3వ తేదీనుండి అమలునకు వచ్చిన సవరణము మఱింత కఠినము. షెడ్యూలు ప్రాంతములో భూమిని ఎవరు అమ్మినను, కొనువారు గిరిజనులుగాని, గిరిజనుల సహకార సంఘముగాని కానిచో ఆ యమ్మకము చెల్లదు. అంతియే కాదు. గిరిజనేతరుని స్వాధీనములోనున్న భూమి గిరిజనులనుండియే సంక్రమించినదని న్యాయస్థానము ముందుగా భావించును. కాదని ఋజువుచేయవలసిన భారము ఆ స్వాధీనదారునిదే. ఈ చట్టము రాజ్యాంగసమ్మతమేనని సుప్రీంకోర్టు 1988లో తీర్పు చెప్పెను.

ఇక పత్రపు తేదీ ఎంత విలువగలదో మీరే గ్రహింపవచ్చును. చట్టము రాకమునుపే కొన్నామని చూపగలిగినచో భూమి నిలుచును. తరువాత కొన్నట్లు తేలినచో పోవును. కనుక తేదీని వెనుకకు జరుపుటలో లాభము గలదు. రిజిస్ట్రీకానట్టి తెల్లకాగితపు అమ్మకములను తెలంగాణములో సాదాబైనామా లందురు. వీనిలో వ్రాసినవాడును, సాక్షులును కాలముచేసిన పిదప మిగులునది ఆ కాగితమును, దానిపైనున్న వ్రేలిముద్రయు మాత్రమే. అప్పుడు నిపుణుని యక్కఱ కలుగును.

ముందుగా వ్రేలిముద్రను గూర్చి చెప్పెదను. మన వ్రేళ్లకొసలయందలి గీతలు గర్భస్థశిశువునకు ఆఱవ మాసమునాటికే ఏర్పడి, జీవితాంతము మాఱక నిలుచును. ఒకరి గీతలు మఱియొకరి గీతలను బోలవు. కవలలకు గూడ వేఱువేఱుగానే యుండును. ఈ విద్య మన దేశమునందే వ్యవహారమునకు వచ్చినదని తెలిసికొని మీరు సంతసింపవచ్చును. 1858లో బంగాళములోని జంగీపురమున విలియం హెర్షెలను అధికారి, బాట వేయు సామగ్రిని తెచ్చుటకు ఒడంబడిన గుత్తదారునిచేత ఒప్పందపు కాగితముపై హస్తముద్ర వేయించెను. "నేను వ్రాసియియ్యలేదు" అని పిదప తప్పించుకొనకుండుటకే ఆ యుపాయము. 1877లో హుగ్లీలో పింఛనుదారులకును, దస్తావేజుల రిజిస్ట్రీకిని ఆయన ఈ పద్ధతిని ప్రవేశపెట్టెను. 1897లో కలకత్తాలో వ్రేలిముద్రల కార్యాలయము వెలసినది. ఆ ముద్రలను తరగతులుగా విభజించు పద్ధతిని రూపొందించుటలో అజీజుల్ హక్, హేమచంద్ర బోసు అను మన దేశీయు లిరువురు ప్రధానముగా పాటుపడిరి. 1899లో సాక్ష్యచట్టమును సవరించి వ్రేలిముద్రల నిపుణుని యభిప్రాయమును సాక్ష్యముగా గైకొనిరి.

నిపుణుడు చేయు పని యిట్టిది. ముద్రలోని గీతలు విల్లువలె వంగినవా, ఉచ్చువలె తిరిగినవా, సుడివలె చుట్టుకొన్నవా యని మొదట చూచును. ఇది ఒక్కటి కలిసినంతమాత్రమున ఫలము లేదు. సుడిగల వ్రేళ్లు లక్షలమందికి గలవు. పిదప గీత ఎక్కడ ముగిసినది, ఎక్కడ రెండుగా చీలినది, చీలి ఎక్కడ మరల కలిసినది అను చిన్నచిన్న గుర్తులను, వాని స్థానములను ఒక్కొక్కటిగా సరిపోల్చును. అవి వరుసగా కలిసినచో ఇరుముద్రలును ఒకే వ్రేలివని చెప్పును. ఒక్క గుర్తయినను సమాధానము లేని విధముగా భేదించినచో కాదనును. ఐతే ముద్ర తేటగా నుండవలయును. సిరా ఎక్కువై అలికినట్లున్న ముద్రను ఎంతటి నిపుణుడైనను చదువజాలడు. తునికాకు కోసియు, మిరపపండ్లు ఏరియు, కట్టెలు కొట్టియు అరిగిన చేతులలో గీతలు పలుచబడి యుండును. అట్టివారిచేత ముద్ర వేయించునప్పుడు చేయి కడిగి తుడిచి, నెమ్మదిగా, జాఱకుండ వేయింపవలయును. వెనుకటి పత్రములలో చదువురానివారు కలముతో గీచిన గీటును గాని, తాకి విడిచిన గుర్తును గాని నిశాని యనెడివారు. అట్టి నిశానినుండి మనిషిని గుర్తించుట యసాధ్యము. వ్రేలిముద్రకును నిశానికిని గల భేదమును మన యింటి పెద్దలకు తెలియజెప్పుట మంచిది.

సంతకము సంగతి యింత సులభము కాదు. గీతలు దేవుడిచ్చినవి, వ్రాత మనము నేర్చినది. అది వయస్సుతోను, రోగముతోను, కూర్చున్న తీరుతోను మాఱుచుండును. నిపుణుడు అక్షరపు ఆకారమును మాత్రమే చూడడు. కలము ఎక్కడ ఎత్తినది, ఎక్కడ నొక్కినది, తలకట్టు ఏ దిక్కుగా తిరిగినది, గుడి ఎంత పొడవు, ఒత్తు ఎంత దిగువకు దిగినది, అక్షరముల నడుమ ఎడమెంత యని చూచును. దొంగసంతకము ఆకారములో సరిగా నుండియు, నడకలో పట్టుబడును. చూచి వ్రాయువాడు నెమ్మదిగా గీయును గనుక గీతలో వణకు కనబడును, నడుమ ఆగి కలమెత్తును, వ్రాసినదానినే దిద్దును. నిజమైన సంతకముదారు సాధారణముగా తన సంతకమును అట్లు దిద్దుకొనదు. ఒక వ్యక్తి రెండు సంతకములు అచ్చుపోసినట్లు ఒక్కటిగా నుండుటయు అనుమానమునకు తావే. దానిపై నిది పెట్టి గీచియుందురని నిపుణుడు తలచును.

పోల్చుటకు మాదిరి సంతకములు కావలయును. తగవు పుట్టిన పిదప న్యాయస్థానములో పెట్టిన సంతకముకంటె, తగవులేని కాలమున బ్యాంకులోను, బడిపుస్తకములోను, పాత రిజిస్ట్రీలోను పెట్టినది మేలైన మాదిరి. అదియు వివాదపత్రపు కాలమునకు దగ్గఱగా నుండవలయును. అసలు కాగితము లేక జిరాక్సు నకలునుబట్టి నిపుణుడు గట్టిమాట చెప్పజాలడు. నకలులో కలపు నొక్కుడు కనబడదు. వేఱుచోటి సంతకమును యంత్రముపై తెచ్చి యతికించినను తెలియదు.

తెల్లకాగితముపై ముందుగా సంతకము చేయించుకొని, పైన తరువాత వ్రాసికొను మోసము స్త్రీల విషయములో తఱచు జరుగునది. అక్కడ సంతకము నిజమైనదే, వ్రాత దొంగది. నిపుణుడు అప్పుడు వ్రాతగీతయు సంతకపుగీతయు ఒకదానినొకటి దాటిన చోటును సూక్ష్మదర్శినితో చూచి, ఏది ముందో కొన్ని సందర్భములలో చెప్పగలడు. కాగితము మడతపడిన పిదప వ్రాసినచో మడతచెంత సిరా ప్రాకును. చోటు చాలక చివరి పంక్తులు ఇఱుకుగా వ్రాసియుండుట గూడ ఒక గుర్తు. ఒకే రంగుగా కంటికి కనబడు రెండు సిరాలు పరారుణకాంతిలో వేఱువేఱుగా కనబడును. అంకెకు ముందొక అంకె చేర్చిన మోసము దానివలన బయటపడును.

ఇక తేదీ సంగతి. సిరా ఎన్నేండ్లనాటిదో నిపుణుడు చెప్పునని పెక్కుమంది నమ్ముదురు. ఈ నమ్మకము సరికాదు. ఈ వ్రాత ఇన్ని సంవత్సరములదని తేల్చి చెప్పుటకు మన న్యాయస్థానములు నిస్సంశయముగా గైకొను పద్ధతి యింకను స్థిరపడలేదు. కాని కాగితము తన కాలమును వేఱువిధముగా చెప్పును. కాగితమును తెల్లగా మెఱపించు కొన్ని రసాయనములు 1950 ప్రాంతముననే వాడుకలోనికి వచ్చినవి. అవి యున్న కాగితము అతినీలకాంతిలో నీలముగా వెలుగును. 1935 నాటిదని చెప్పు పత్రము అట్లు వెలిగినచో దాని గతి యేమి? బాల్‌పెన్ను అంగళ్లకు వచ్చినది 1945లో. దానితో వ్రాసిన 1940 నాటి పత్రము తనంతట తానే అబద్ధమాడుచున్నది.

వీనికంటె తేలికయైన పరీక్ష పత్రములోని మాటలే. దీనికి ప్రయోగశాల యక్కఱలేదు. చదువుకొన్న ఏ ఇల్లాలైనను చేయగలదు. 1950 నాటి పత్రములో "ఖమ్మము జిల్లా" యని యుండరాదు. ఆ జిల్లా 1953లో పుట్టినది. 1956 నాటి పత్రములో భద్రాచలము ఖమ్మము జిల్లాలో నుండరాదు. 1985కు ముందు మండలములు లేవు. తాలూకాలు, ఫిర్కాలు మాత్రమే గలవు. నయాపైసలు 1957 ఏప్రిలు 1వ తేదీన వచ్చినవి, అంతకుముందు అణాలు. 1972 ఆగస్టు 15కు ముందు పిన్‌కోడు లేదు. 1940లో బూర్గంపహాడున వ్రాసిన పత్రమునకు నిజాము ప్రభుత్వపు స్టాంపుండవలయునుగాని ఇంగ్లీషు ప్రభుత్వపు స్టాంపుండరాదు. స్టాంపుకాగితము వెనుక అమ్మినవాని పేరు, వరుససంఖ్య, తేదీ యుండును; వాని రిజిస్టరుతో సరిచూచినచో కొన్ని కథలు అక్కడనే ముగియును. పత్రము చెప్పు సంవత్సరమున ఆ భూమి ఎవరి పేరిట నున్నదో పహాణీలలో చూడవచ్చును. తెలంగాణ ప్రాంతములో 1954-55 నాటి ఖాస్రా పహాణీ ఇందులకు ముఖ్యము.

ఇట్టి పరీక్షయే దేశాంతరములలోను జరిగినది. పాకిస్తాను మాజీ ప్రధాని నవాజ్ షరీఫు కుటుంబమునకు లండనులోగల ఇండ్లను గూర్చిన విచారణలో 2006 నాటిదని ఒక ట్రస్టుపత్రమును చూపిరి. అందలి అచ్చక్షరములు క్యాలిబ్రి యను రకమువనియు, ఆ రకము 2007 జనవరి 31కి ముందు వాణిజ్యముగా లభింపలేదనియు నిపుణుడు 2017లో నివేదించెను. లోకమంతయు దీనిని చెప్పుకొన్నది. కాని ఎదురువిచారణలో, ఆ రకము ప్రయోగదశలో కొందఱికి ముందే లభ్యముగా నుండెనని ఆ నిపుణుడే యంగీకరింపవలసి వచ్చెను. ఆయన కుమార్తెకు 2018లో పడిన శిక్షను 2022లో అక్కడి హైకోర్టు కొట్టివేసినది. దీనినిబట్టి నిపుణుని మాటకు గూడ జవాబు గలదని తెలియుచున్నది.

మన దేశపు ప్రసిద్ధమైన వ్యాజ్యమును గూడ తలచుకొనుడు. ఢాకా సమీపమున భవాలు జమీందారీలో, చనిపోయెనని తలచిన రెండవ కుమారుడను నేనేయని యొక సన్న్యాసి వచ్చి 1930లో దావా వేసెను. కుమారుని భార్య విభావతీదేవి ఆతడు తన భర్త కాడనెను. ఇరుపక్షములవారును వ్రాతనిపుణులను, ఛాయాచిత్రములు తెలిసినవారిని పిలిపించిరి. వారు పరస్పరవిరుద్ధముగా చెప్పిరి. 1936లో జిల్లా న్యాయస్థానమును, 1940లో హైకోర్టును, 1946లో ప్రీవీకౌన్సిలును ఆ వచ్చినవాడే కుమారుడని తేల్చిరి. నిపుణులు విభేదించినప్పుడు న్యాయమూర్తి తన కన్నులతో చూచి, ఇతర సాక్ష్యముతో కలిపి తూచవలసినదేకదా.

సుప్రీంకోర్టు చెప్పినదియు ఇదియే. ఒక వీలునామా వ్యాజ్యములో, 1964లో ప్రకటితమైన తీర్పున ఆ న్యాయస్థానము, వ్రాతనిపుణుని మాట అభిప్రాయమే గాని మిక్కిలి అరుదుగా తప్ప ముఖ్యసాక్ష్యమునకు బదులు కాజాలదనెను. 1980లో ప్రకటితమైన తీర్పులో మన తెలుగు న్యాయమూర్తి ఓ. చిన్నపరెడ్డిగారు, నిపుణుడు ఇచ్చు కారణములను జాగ్రత్తగా చూడవలయునేగాని, వేఱు సాక్ష్యము లేనంతనే ఆ మాటను త్రోసివేయవలెనను నియమము లేదనిరి. వ్రేలిముద్రల శాస్త్రము దాదాపు పరిపూర్ణమనియు, వ్రాతశాస్త్రము అంతటిది కాదనియు ఆ తీర్పు భేదము చూపినది. 1872 నాటి సాక్ష్యచట్టములో నిపుణుని గూర్చిన 45వ సెక్షను, 2024 జూలై 1నుండి అమలైన భారతీయ సాక్ష్య అధినియమములో 39వ సెక్షనైనది.

ఇక అన్నింటికంటె ముఖ్యమగు మాట. వ్రేలిముద్ర నిజమైనదని తేలినంతమాత్రమున పత్రము నిజమైనది కాదు. వ్రేలు కాగితమును తాకినదని నిపుణుడు చెప్పగలడు. ఆమెకు అందులోని మాటలు చదివి వినిపించిరా, సొమ్ము ముట్టినదా, ఆమె మనస్సు ఒప్పినదా యని చెప్పజాలడు. చదువురాని స్త్రీ, ఘోషాలోనుండు స్త్రీ వ్రాసియిచ్చిన పత్రమును ఆమె అర్థముచేసికొనియే యిచ్చినదని ఋజువుచేయు భారము లాభము పొందినవానిపై నున్నదని మన న్యాయస్థానములు చిరకాలముగా చెప్పుచున్నవి. ఏజెన్సీలోనైతే ఇంకొక మెట్టు గలదు. కోయ స్త్రీ తానే వ్రేలిముద్ర వేసితినని యొప్పుకొన్నను, కొన్నవాడు గిరిజనుడు కానిచో ఆ యమ్మకము చెల్లదు. కావున అక్కడి వ్యాజ్యములో "ముద్ర నాది కాదు" అని వాదించుటకు ముందు, "ఈ యమ్మకము చట్టము ననుసరించి చెల్లునా" యని యడుగవలయును. నిపుణునికై ఏండ్లు వేచియుండి, సొమ్ము వెచ్చించి, చివరకు ముద్ర తనదే యని తేలినచో తాను ఓడితినని తలచి ఇంటికి పోవు అమాయకురాలు, నిజమునకు ఓడలేదు. ఆమె గిరిజనసంక్షేమ స్పెషల్ డిప్యూటీ కలెక్టరునొద్దకు పోయి భూమిని తిరిగి యిప్పింపుమని కోరవచ్చును. భద్రాచలములోని ఐ.టి.డి.ఎ. కార్యాలయములో విచారించినచో దారి తెలియును.

మైదానసీమలోని సోదరీమణులకు వేఱొక యపాయము గలదు. 1985 సెప్టెంబరు 5నుండి ఆంధ్రప్రదేశములో హిందూ కుమార్తెలకు ఉమ్మడియాస్తిలో హక్కు వచ్చినది. 2005లో దేశమంతటను వచ్చినది. నాటినుండి "చెల్లెలు తన హక్కును వదలుకొన్నది" అను పత్రముల విలువ పెరిగినది. పుట్టింటికి పండుగకు పోయినప్పుడు అన్నగారు "ఇక్కడొక సంతకము చేయుమమ్మా" యన్నచో, ప్రేమకు భంగము కలుగకుండ "చదివి చేసెద నన్నా" యనుట నేర్చుకొనవలయును. చదివి చేసిన సంతకమువలన తోడబుట్టినవారి ప్రేమ చెడదు. చదువక చేసిన సంతకమువలన చెడిన యిండ్లు పెక్కు గలవు.

కడపట ఆచరణకు వలసిన కొన్ని మాటలు. తెల్లకాగితముపై, ఖాళీలు విడిచిన పత్రముపై, ఎంత దగ్గఱివారు అడిగినను సంతకముగాని ముద్రగాని వేయరాదు. ముద్ర వేసిన చోట అది ఎవరిది, ఏ చేతి ఏ వ్రేలిదియో ప్రక్కన వ్రాయింపవలయును. ఏడాదికొకమాఱు సబ్‌రిజిస్ట్రారు కార్యాలయమునుండి ఇ.సి. తెప్పించుకొని, మన భూమిపై మనమెఱుగని వ్యవహారమున్నదేమో చూడవలయును. అనుమానపు పత్రము బయటపడినచో వెంటనే దాని సర్టిఫైడు నకలు తీసికొనవలయును. రిజిస్ట్రీయైన పత్రమైనచో అమ్మినవారి వ్రేలిముద్ర ఆ కార్యాలయపు రిజిస్టరులోను నుండును. 2001 నాటి సవరణము పిదప ఛాయాచిత్రము గూడ పత్రమునకు అంటింపబడుచున్నది. మన పేర మఱియొకతె నిలిచినదేమో దానివలన తెలియును. పెద్దలు సంతకము చేసిన పాత బ్యాంకుపుస్తకములు, రసీదులు, ఉత్తరములు పారవేయక దాచవలయును. రేపు అవియే మాదిరులు. వ్యాజ్యము వచ్చినచో అసలు పత్రమును న్యాయస్థానములో దాఖలు చేయింపుమని కోరి, నిపుణుని పరీక్షకు పంపుటకు వకీలుద్వారా అర్జీ పెట్టవలయును. హైదరాబాదులో రెడ్‌హిల్సునగల రాష్ట్ర ఫోరెన్సిక్ ప్రయోగశాలయు, రామంతపురములోని కేంద్ర ప్రయోగశాలయు నున్నవి. 2007లో వెలసిన ట్రూత్ ల్యాబ్సు వంటి ప్రభుత్వేతర సంస్థయు ఇట్టి పరీక్షలు చేయును. నివేదిక వచ్చినంతనే పని ముగిసినదనుకొనరాదు. ఆ నిపుణుడు బోనెక్కి, కారణములు చెప్పి, ఎదుటివారి ప్రశ్నలకు నిలువవలయును.

పెట్టెలోని దస్తావేజును ఈ దినమే విప్పి, మొదటి పంక్తినుండి చివరి సాక్షివఱకు చదువుడు. అర్థముగాని మాటయున్నచో ఇంటివారిని అడుగుడు. వీలునామా వ్రాయు పద్ధతిని, దానికి సాక్షులుండవలసిన తీరును వచ్చు మాసము ముచ్చటించుకొందము.